గుంత లేని మగ్గం

ధర్మవరంలో అత్తగారింటికి కాపురానికి వచ్చిన రోజు గడప దగ్గర కుడికాలు ముందు పెట్టమన్నారు, పెట్టాను. రెండో అడుగు ఎక్కడ వేయాలో ఎవరూ చెప్పలేదు. కొత్తకోడలు తల వంచుకుని నడవాలి కాబట్టి నాకు నేల తప్ప ఏమీ కనపడలేదు. ఆ నేలమీద ఒక పాత దుప్పటి కనిపించింది. నాకోసమే పరిచారు కాబోలని మురిసిపోయి దానిమీద ఎడమకాలు వేశాను. దుప్పటితో సహా నడుముదాకా కిందికి దిగబడిపోయాను. అది మగ్గం గుంత, నేసేవాళ్ళు కాళ్ళు దించుకుని కూర్చునేది. మగ్గం మీద కప్పిన దుప్పటి కొస గుంతమీదికి జారి ఉంది.

పేరంటాళ్ళందరూ నోళ్ళు నొక్కుకున్నారు. మా అత్త మాత్రం పరుగెత్తుకొచ్చింది. నన్ను లేవదీయడానికి అనుకున్నాను. ఆమె నా పక్కనుంచి వంగి దుప్పటి ఎత్తి మగ్గం కేసి చూసి, “పడుగు తెగిందేమో చూడండప్పా” అంది. అత్తగారి నోట నేను విన్న మొదటి మాట అది. పడుగు అంటే మగ్గం మీద నిలువునా బిగించి ఉండే దారాలు. అవి క్షేమంగానే ఉన్నాయి. నా మోకాలి చిప్ప సంగతి మర్నాటిదాకా ఎవరూ అడగలేదు.

ఆ మగ్గం మా బావగారిది, అంటే మా ఇంటాయన అన్నగారిది. నేను ఆయన్ను చూడలేదు. యుద్ధం రోజుల్లో పట్టు దొరక్క మగ్గాలన్నీ పడుకున్నప్పుడు ఆయన పట్టాళంలో చేరాడట. పోయేనాటికి ఒక చీర ఆరు మూరలు నేసి ఉన్నాడు. పండు మిరపకాయ రంగు ఒళ్ళు, నల్లంచు. “నేనొచ్చి నేస్తా, ఎవురూ ముట్టుకోవాకండి” అని చెప్పి రైలెక్కాడు. జపానువాళ్ళ మీద యుద్ధానికి బర్మాకు పంపారు. కొన్నాళ్ళకు సర్కారు నుంచి కాగితం వచ్చింది, మనిషి కనపడలేదని. చనిపోయాడని అందులో లేదు. మా అత్త దాన్ని పట్టుకుంది.

“కనపడలేదన్నారు గాని సచ్చినాడన్లేదు గదా. కనపడకపోతే వాళ్ళు సరిగ్గా ఎతకలేదని” అనేది.

నేను కాపురానికి వచ్చింది అరవైల మొదట్లో. అప్పటికి ఆ కాగితం వచ్చి పద్దెనిమిదేళ్ళు. చీర అలాగే మగ్గం మీద ఉంది. ప్రతి శుక్రవారం మా అత్త దుప్పటి తీసి, దుమ్ము దులిపి, ఎండిన వేపాకు తీసేసి పచ్చి వేపాకు పెట్టి, మళ్ళీ కప్పేది. పన్నెండేళ్ళు దాటితే మనిషి లేనట్టే లెక్క, దర్భలతో బొమ్మ చేసి కర్మ జరిపించాలని పెద్దలు చాలాసార్లు చెప్పారు. చెప్పినవాళ్ళకు ఆమె మజ్జిగ ఇచ్చి సాగనంపేది. బావగారు పక్కవీధికి పోయినట్టే మాట్లాడేది. “మా పెద్దోడు వచ్చినాక ఈ గోడకు సున్నం కొట్టిస్తా” అంటే ఆ గోడకు ఇక సున్నం లేదన్నమాటే.

మా ఇల్లు ఒకటిన్నర గది. ఆ ఒకటిని మగ్గం ఆక్రమించింది, అరలో మేం ముగ్గురం. మా మామ నేను రాకముందే పోయాడు. మా ఇంటాయన చెయ్యి తిరిగిన నేతగాడు. తన ఇంట్లో మగ్గం దుప్పటి కప్పుకుని నిద్రపోతుంటే, ఆయన ఊరి ఆ చివర ఎవరింట్లోనో మగ్గం మీద కూర్చోవడానికి పోయేవాడు. మధ్యాహ్నానికి అన్నం మూటగట్టి పంపితే చల్లారి రాయయ్యేది. నాకు ఆ మగ్గం కావాలి. ఇందులో గొప్ప ఉద్దేశాలేమీ లేవు. మొగుడు ఇంట్లో కూర్చుని నేయాలి, మధ్యాహ్నం వేడన్నం తినాలి, నేను ఎప్పుడైనా కాళ్ళు చాపుకుని పడుకోవాలి. పెళ్ళయిన పిల్ల కోరరాని కోరికలేం కావవి.

ఒకసారి అడిగి చూశాను. “అత్తా, ఆ చీర తీసి పెట్టెలో పెడితే చెడకుండా ఉంటాది గదా” అని ఎంతో తియ్యగా అడిగాను. పదకొండు రోజులు నాతో మాట్లాడలేదు. నాకు చెప్పాల్సినవన్నీ పిల్లికి చెప్పేది. “పిల్లీ, చింతపండు అయిపోయినాదని ఆ యమ్మకు చెప్పు.” “పిల్లీ, హిందూపురమోళ్ళు చారులో బెల్లం ఏస్తారేమో గాని ఈడ ఎయ్యరని చెప్పు.” నేను కూడా మొండిదాన్నే, పిల్లికే జవాబు చెప్పేదాన్ని. పన్నెండో రోజు పిల్లి ఇల్లు వదిలి పోయింది. మేమిద్దరం కలిసి వెతికి తెచ్చుకున్నాం, అలా మాటలు కలిశాయి. మగ్గం మాట మాత్రం మళ్ళీ ఎత్తలేదు.

అప్పుడు మా నాయన ఉత్తరం వచ్చింది.

మా నాయన హిందూపురంలో ఎలిమెంటరీ స్కూలు అయ్యవారు. మాదీ నేత కుటుంబమే గాని ఆయన మగ్గంలో అటూ ఇటూ విసిరే నాడె వదిలి సుద్దముక్క పట్టాడు. సినిమా పిచ్చి. ఏ సినిమా అని చూడడు, తెర మీద బొమ్మ కదిలితే చాలు. హిందూపురానికి ఒక జపాను సినిమా వచ్చింది. బెంగళూరులో ఆడించినవాళ్ళు, మిగిలిన రోజులకు చిన్న ఊళ్ళ మీదికి తోలారట. కింద ఇంగ్లీషు అక్షరాలు పడతాయి, మా నాయనకు ఇంగ్లీషు వచ్చు. హాల్లో జనం లేరు, కాళ్ళు చాపుకుని చూడవచ్చునని పోయాడు. చూసి వచ్చి ఆ రాత్రే నాకు ఇన్‌లాండ్ లెటరు నిండా చీమల్లాంటి అక్షరాలతో కథంతా రాశాడు.

మొదట్లో పట్నం పోయిన కొడుకు రైలు దిగి ఇంటికొస్తాడు. తల్లీ కొడుకూ ఇద్దరూ నేతగాళ్ళు. కొడుకు మగ్గం మీద ఒక గుడ్డ మొదలుపెడతాడు. ఇంతలో యుద్ధానికి రమ్మని కాగితం. పోతాడు. ఊరి మీద బాంబులు పడి ఇల్లు కాలిపోతుంది, తల్లి మగ్గాన్ని మాత్రం కాపాడుకుంటుంది. కొడుకు చనిపోయాడని కబురొస్తుంది. ఆమె కాలిన చెక్కలు ఏరుకుని మళ్ళీ ఇల్లు నిలబెట్టుకుంటుంది. చివరికి కొడుకు సగంలో వదిలిన గుడ్డను తానే కూర్చుని నేసి ముగిస్తుంది.

ఉత్తరం చివర ఇలా ఉంది: “వచ్చే ఆదివారం పెనుకొండలో మ్యాటినీ వేస్తారని విన్నాను. వియ్యపురాలికి చూపించు. నువ్వు నోరు విప్పవద్దు. నీ నోటి సంగతి నాకు తెలుసు. చెప్పాల్సింది సినిమా చెబుతుంది.”

కన్నతండ్రి మాట! ఉత్తరాన్ని నాలుగుసార్లు చదువుకున్నాను. నాలుగోసారి నవ్వుకున్నాను కూడా. మా అత్త చేటలో బియ్యం ఏరుతూ నన్నే చూస్తోందని అప్పుడు పట్టించుకోలేదు.

ఇక మిగిలింది ఆమెను ఒప్పించడం. జపాను అన్న మాట మా ఇంట్లో ఎత్తకూడదు. కొడుకును ఎత్తుకుపోయిన దొంగలు వాళ్ళు. కాబట్టి దేశం పేరు మింగేసి, “మగ్గం సినిమా వచ్చిందంట అత్తా, మన నేతోళ్ళ కథంట” అన్నాను. దేవుళ్ళ సినిమాలు తప్ప ఎరగని మనిషి. “నేతోళ్ళ మీద గూడా తీస్తారా? మనం ఏం పాపం చేసినామని?” అంది గాని, కుతూహలం పుట్టింది. మా ఇంటాయనకు అసలు సంగతి చెబితే, “నాకేం తెలీదు, నువ్వు నాకేం చెప్పలేదు, నేను రాను” అని మూడు ముక్కల్లో తప్పుకున్నాడు. నేత తప్ప మిగతా అన్నింట్లో ఆయన అంత ధైర్యవంతుడే.

ఆదివారం పొద్దున ప్యాసింజరు ఎక్కి పెనుకొండలో దిగాం. మా అత్త పెరుగన్నం మూట ఒళ్ళో పెట్టుకుని, కిటికీ పక్కన కూర్చుని, దారిపొడుగునా కనిపించిన ప్రతి చేనుకూ వానెప్పుడు పడిందో చెప్పింది.

సినిమా హాలంటే వేరుశెనక్కాయల గోదాము. పంటకాలంలో కాయలు, మిగతా రోజుల్లో సినిమాలు. కింద కూర్చుంటే ఇంకా కాయల పొట్టు చీరకు అంటుకునేది. బయట బోర్డు మీద పెద్ద కత్తి పట్టుకున్న వీరుడి బొమ్మ ఉంది. సినిమాలో కత్తి అనేదే లేదని మా నాయన ఉత్తరం చదివిన నాకు తెలుసు. జపాను అనేసరికి బోర్డు రాసేవాడికి కత్తే తోచినట్టుంది. ఆ కత్తిని నమ్మి పెనుకొండ కుర్రకారంతా వచ్చి ముందు వరుసల్లో చొక్కాలు విప్పి కూర్చుంది.

భాష ఎవరికీ రాదు కాబట్టి కథ చెప్పడానికి ఒకాయన్ను పెట్టారు. మామూలు రోజుల్లో అదే గోదాములో కాయల వేలం పాడే మనిషి. మైకు ఆయనకు అవసరం లేదు, అయినా ఇచ్చారు. సినిమా ఆయన కూడా అప్పుడే చూస్తున్నాడు, ఇంగ్లీషు కూడా రాదు. అయితే ఏం, తెర మీదికి ఎవరొస్తే వాళ్ళకు చుట్టరికం అప్పటికప్పుడు కలిపేసేవాడు. “ఈయమ్మ మేనత్త. ఆ వచ్చే ముసలాయన ఊరి రెడ్డి. ఈ కుక్క వాళ్ళదే.”

బొమ్మ పడగానే మా అత్త నా చెవి దగ్గరికి వంగింది. “వీళ్ళెవురే? నేపాళోళ్ళా?”

“అవునత్తా” అన్నాను.

నా అబద్ధానికి రెండు నిమిషాలే ఆయుష్షు. వేలంపాటాయన మైకులో, “జపాను దేశంలో అదొక నేతోళ్ళ ఊరు” అని మొదలుపెట్టాడు. మా అత్త నా మణికట్టు పట్టుకుంది. గాజు ఒకటి పగిలింది.

“జపానోళ్ళ సినిమాకా నన్ను తోడుకొచ్చింది?” అంటూ లేచి నిలబడింది. వెనకనుంచి ఎవరో “ఓ అవ్వా, కూచో, కనపల్లే” అని అరిచారు. ఆమె వాళ్ళకేసి తిరిగి ఏదో అనబోయింది. సరిగ్గా అప్పుడే తెరమీద మగ్గం వచ్చింది. నిలువెత్తు కొయ్య మగ్గం, దానిముందు ఒక ఆడమనిషి. మా అత్త నోరు తెరిచింది తెరిచినట్టే ఆగిపోయింది. కొంచెంసేపు నిలబడే చూసింది. తర్వాత మెల్లగా కూర్చుంది.

“గుంత యాడుండాది?” అంది.

“వాళ్ళకు గుంత ఉండదేమో అత్తా. బల్ల మీద కూచుంటారు.”

“గుంత లేని మగ్గమా? మరి కాళ్ళు యాడ పెడతాండాది? గుడ్డకు బిగువెట్లొస్తాది?” కాసేపు చూసి, “ఆడమనిషి నేస్తాండాదే” అంది. మా ఊళ్ళో ఆడవాళ్ళం దారం కండెలకు చుట్టేవాళ్ళం, మగ్గం మీద కూర్చునేది మగవాళ్ళే. ఇంకాసేపటికి, “ఏం చెయ్యి తిరిగిందే ఈ యమ్మకు” అంది. అప్పుడు నేను పగిలిన గాజు ముక్కలు ఏరుకున్నాను.

మా నాయన రాసిన రైలు దిగే ఘట్టం రాలేదు. కొడుకు ఉన్నట్టుండి ప్రత్యక్షమై యుద్ధానికి పోయాడు. ఏదో తప్పిపోయిందిలే అనుకున్నాను. అక్కడ మిషను ఒకటే, ఒక రీలు అయిపోగానే దీపం వేసి ఇంకో రీలు ఎక్కించేవాళ్ళు. దీపం వెలిగినప్పుడల్లా ముందు వరుసలు, “కత్తి యాడప్పా?” అని అడిగేవి. “వస్తాది, వస్తాది” అనేవాడు వేలంపాటాయన. కత్తికి బదులు బాంబులు వచ్చాయి. బాంబులకు కాస్త ఈలలు పడ్డాయి. ఇల్లు కాలిపోతున్నప్పుడు ఈలలు ఆగిపోయాయి.

తర్వాత ఒక సిపాయి వచ్చి గుమ్మంలో నిలబడి ఆ తల్లికి ఏదో చెప్పి, తల వంచి దండం పెట్టి వెళ్ళిపోయాడు. ఆమె ఏడవలేదు. లోపలికి వెళ్ళి బియ్యం కడిగింది. నీళ్ళు వంపేసి, మళ్ళీ నీళ్ళు పోసి, అవే బియ్యం మళ్ళీ కడిగింది. వేలంపాటాయన మైకులో, “కొడుకు సంగతి ఈ యమ్మకింకా తెలీదు” అన్నాడు.

“తెలుసు” అంది మా అత్త గట్టిగానే. చుట్టుపక్కలవాళ్ళు తిరిగి చూశారు. “తెలిసినాకే గదప్పా కడిగిన బియ్యం మళ్ళీ కడుగుతాండాది.”

వేలంపాటాయన విన్నాడు. మైకులో “తెలుసంట” అని దిద్దుకున్నాడు.

ఆ తర్వాత నేను తెర కంటే మా అత్తనే ఎక్కువ చూశాను. ఆ తల్లి కాలిన చెక్కలు ఏరి గోడ కట్టింది, కప్పు వేసింది, మగ్గం తెచ్చి నిలబెట్టింది, కొడుకు వదిలిన గుడ్డ ముందు చాలాసేపు ఊరికే కూర్చుంది. ఆఖరికి నాడె విసిరింది. నాడె ఇటూ అటూ పోతుంటే మా అత్త కుడిచెయ్యి మోకాలి మీద దానితోపాటే కదిలింది. తెర నిండా గుడ్డ చుట్టిన కర్ర కనిపించింది, ఎర్రమట్టి కుండంత లావున. చివరికి ఏవో జపాను అక్షరాలు పడ్డాయి. దీపం వెలిగింది.

మంత్రం పారిందనుకున్నాను. నిజం చెప్పాలంటే, మంచం ఎక్కడ వేయాలో, పొయ్యి పక్కకు జరపాలా వద్దా అని అప్పుడే లెక్కలు వేసుకుంటున్నాను.

జనం లేచి పొట్టు దులుపుకుంటున్నారు. ఇంతలో గోదాము పక్కవాకిలి దగ్గర ఒకాయన సైకిలు దిగాడు, చెమటలు కక్కుతూ. క్యారియరు మీద ఒక రేకు డబ్బా. హిందూపురంలో బండెక్కించేటప్పుడు ఒక రీలు డబ్బా అక్కడే మరిచిపోతే, దాన్ని మధ్యాహ్నం బండికి పంపారని తర్వాత తెలిసింది. మిషను గదిలో ఏదో గుసగుస నడిచింది. వేలంపాటాయన మైకు అందుకుని, “కూచోండి, కూచోండి, ఇంగొగ రీలుండాది” అన్నాడు. జనం మళ్ళీ కూర్చున్నారు. దీపం ఆర్పారు.

రైలు వచ్చి ఆగింది. మూటతో కొడుకు దిగాడు.

మా నాయన ఉత్తరంలో మొట్టమొదట ఉన్న ఘట్టం ఇదే. ఈ మహానుభావులు రెండో రీలును ఆఖర్న వేశారు. వాళ్ళ తర్కం వాళ్ళకుంది, వచ్చిన డబ్బా వచ్చినప్పుడు వేయాలి, జనానికి తక్కువ చూపించకూడదు. తెరమీద తల్లి వాకిట్లోకి పరుగెత్తి కొడుకు రెండు చేతులూ పట్టుకుంది. వేలంపాటాయన గొంతు గోదాము కప్పు లేపేసింది. “సచ్చినాడనుకున్న కొడుకు తిరిగొచ్చినాడు. మిలిటరీవాళ్ళు పొరపాటు చెప్పినారు.”

జనం పండగ చేసుకున్నారు. చొక్కాలు గాల్లోకి లేచాయి. తల్లి జుట్టు నల్లగా ఉందేమని ఎవరో అడిగితే, “సంతోషం పట్టలేక నల్లబడింది” అన్నాడాయన. కాలిన ఇల్లు నిక్షేపంగా ఉందేమంటే, “కొడుకొచ్చి కట్టిచ్చినాడు” అన్నాడు. కుక్క చిన్నపిల్లగా ఉన్న సంగతి అదృష్టవశాత్తూ ఎవరూ అడగలేదు. కొడుకు అన్నం తిని, మగ్గం ముందు కూర్చుని నవ్వాడు. తల్లి పక్కన నిలబడి చూసింది. తెల్ల తెర.

మా అత్త ముఖం చూసే ధైర్యం నాకు లేకపోయింది. కన్నతండ్రి ఉత్తరం, రైలు ఖర్చు, పగిలిన గాజు, అన్నీ బూడిదలో పోసిన పన్నీరే. శత్రువుల దేశంలో కూడా పోయిన కొడుకు తిరిగొచ్చాడంటే, ఇక మా ఇంట్లో దుప్పటి ఎవరు తీయగలరు? ఇంకో పద్దెనిమిదేళ్ళు. నేనే ముసలిదాన్నై ఆ గుంతలో మళ్ళీ పడతాను.

బయటికొస్తుంటే పక్కన కూర్చున్నావిడ మా అత్త భుజం తట్టి, “మంచి సినిమా గదా అవ్వా, కడాకు కొడుకొచ్చినాడు” అంది. మా అత్త “ఊ” అంది.

స్టేషనులో బండికింకా టైముంది. బెంచీ మీద కూర్చుని మూట విప్పింది. నాకు ఒక ముద్ద ఆకులో పెట్టి ఇచ్చి, తనూ పెట్టుకుంది. రెండు ముద్దలు తిన్నాక చెప్పింది.

“ఆ పిల్లోడు రాలేదే.”

“ఏ పిల్లోడు?”

“ఆ జపానామె కొడుకు. రాలా. ముందు జరిగింది యెనక చూపిచ్చినారు.”

నేను ముద్ద ఆకులో పెట్టేశాను.

“ఆ యమ్మ కూచోని నేస్తాంటే గుడ్డ చుట్ట ఇంత లావుండె” అని చేతులతో చూపించింది. “కొడుకొచ్చి కూచుంటే జానెడు గూడా లేదు. అదే అంచు, అవే గీతలు. నేసిన గుడ్డ యెనక్కి పోతాదా యాడన్నా?”

గోదాములో అంతమంది ఉన్నారు. జుట్టు చూశారు, ఇల్లు చూశారు, దేనికైనా జవాబు దొరికింది. మగ్గం మీద గుడ్డను చూసింది ఒక్కటే మనిషి. ఆ కొడుకు తిరిగి రావాలని ఆ హాలు మొత్తంలో అందరికంటే ఎక్కువ ఆశపడవలసిన మనిషి.

నేను ఏం చేశానో చెబితే మీరు నవ్వుతారు. వాదించాను. ఏ మాట ఆమెకు చెప్పాలని అంత దూరం తీసుకొచ్చానో, ఆ మాట ఆమె తానే అంటుంటే నాకు భరించడం చేతకాలేదు.

“అది వేరే గుడ్డేమో అత్తా. పాతది అయిపోయి కొత్తది మొదలుపెట్టినాడేమో.”

“నేతింటి పిల్లవేనా నువ్వు?”

“వచ్చినాడత్తా. అందరూ చూసినారు గదా. నేనూ చూసినా.”

“మీ నాయన కాయితంలో ఏం రాసినాడు?”

నేను ఆకు మడవసాగాను.

“కాయితం వచ్చిన కాడ్నుంచి సినిమాకు పోదాం, సినిమాకు పోదామని నా యెనకాల పడినావు. నాకు అచ్చరాలు రావు గాని మనుషుల మొగాలొస్తాయి. చెప్పు.”

చెప్పేశాను. మొదటి రీలు నుంచి చివరిదాకా వరసగా చెప్పాను. ఎందుకు తీసుకొచ్చానో కూడా చెప్పాను. మంచం సంగతి, వేడన్నం సంగతి కూడా దాచలేదు. చెబుతూ ఏడ్చాను, నాకే అసహ్యం వేసింది. ఆమె అంతా విని, చెయ్యి కడుక్కుని, “పెరుగన్నంలో ఉప్పు తక్కువేసినావు” అంది. బండి వచ్చింది.

సోమవారం ఏమీ లేదు. మంగళవారం ఏమీ లేదు. పిల్లి ద్వారా కూడా కబురు రాలేదు. నేను ఇంట్లో గాజుల చప్పుడు కాకుండా తిరిగాను. శుక్రవారం మా అత్త ఎప్పటిలాగే దుప్పటి తీసింది, దుమ్ము దులిపింది. దుప్పటి మళ్ళీ కప్పలేదు. మడిచి గోడవార పెట్టింది. మా ఇంటాయన అన్నం మూట తీసుకుని బయల్దేరుతుంటే, “చిన్నోడా, ఈ పొద్దు పనికి పోవాకు. ఈడ కూచో” అంది.

ఆయన నాకేసి చూశాడు. నేను ఆయనకేసి చూడలేదు. గుంతలోకి దిగి, అన్న కూర్చున్న చోట కూర్చుని నాడె విసిరాడు. ఒక్క విసురుకు పది పోగులు తెగాయి. ఇంకో విసురుకు ఇంకో పది. పద్దెనిమిదేళ్ళ పట్టు, వేపాకు పురుగును ఆపుతుంది గాని కాలాన్ని ఆపలేదు. “ఇది నేసేకి రాదమ్మా” అన్నాడు, తప్పు తనదైనట్టు.

“అయితే కోసెయ్.”

ఆయన చేతులు ముందుకు రాలేదు. మా అత్త కత్తిపీట తెచ్చి తానే కోసింది. నేసిన ఆరు మూరలూ విప్పి, మడిచి, ఒళ్ళో పెట్టుకుని, కాసేపటికి పెట్టెలో పెట్టింది.

మా ఇంటాయన కొత్త పడుగు తెచ్చాడు. మగ్గం నుంచి పాత పడుగును మొత్తంగా ఎవరూ లాగేయరు. కొసలు మూరెడు వదిలిపెట్టి, కొత్త పడుగు పోగులు ఒక్కొక్కటీ ఆ పాత కొసలకే మెలిపెట్టి అతుకుతారు. వేల పోగులు, రెండు మూడు రోజుల పని. వేళ్ళు జారకుండా బూడిద అద్దుకుంటూ, ఆమె పాత కొస పట్టుకుంటే నేను కొత్త కొస అందించాను. కొన్ని పాతవి వేళ్ళలోనే పొడైపోయేవి. అప్పుడు ఇంకాస్త వెనక్కి వెళ్ళి గట్టి చోటు వెతుక్కునేది. మా ఇంటాయన వీధరుగు మీద కూర్చుని, లోపలికి రావడానికి జంకుతూ ఊరికే దారం చిక్కులు తీశాడు.

రెండో రోజు మధ్యాహ్నం ఆమె అడిగింది.

“ఆ పిల్లోడు యాడ సచ్చినాడని రాసినాడు మీ నాయన?”

ఆ ఒక్క ముక్క నేను స్టేషనులో చెప్పలేదు. ఇప్పుడు కూడా చెప్పకూడదనుకున్నాను. కానీ ఆమె నా ముఖం చూస్తోంది.

“బర్మాలో అత్తా.”

ఆమె చేతులు ఆగలేదు. ఒక పోగు అతికింది, ఇంకొకటి అతికింది. 

“మనోడు గూడా ఆడికే గదా పోయింది.”

“అవునత్తా.”

“తుపాకి ఇచ్చింటారు గదా మనోనికి.”

“ఇచ్చింటారు.”

“మనోడే కాల్చినాడేమో ఆ పిల్లోన్ని.”

“అట్లెందుకనుకుంటావత్తా. ఆడికి వేలమంది పోయినారు” అన్నాను.

“వేలమందిలో ఎవురో ఒగరే గదే కాల్చేది.” చేతిలో పోగు పట్టుకుని అలాగే ఉండిపోయింది. “ఆ యమ్మకు తెలిస్తే నన్ను తిట్టుకుంటాది. ఈ పాపిష్టిది కనిందే ఆ నా కొడుకును అని తిట్టుకుంటాది.” పోగు కొస వేలికి చుట్టుకుంటూ, “తిట్టుకోనీ” అంది.

అని ఏడవడం మొదలుపెట్టింది. నేను కాపురానికొచ్చాక ఆమె ఏడవగా చూడలేదు. మొదట ఆ జపాను పిల్లవాడి కోసమే ఏడ్చింది. ఎవరి కొడుకో, రైలు దిగి మూటతో ఎట్లొచ్చినాడో, తల్లి ఎట్ల పరిగెత్తిందో చెప్పుకుంటూ ఏడ్చింది. ఎక్కడ ఆ పిల్లవాడు అయిపోయాడో, ఎక్కడ మా బావగారు మొదలయ్యారో నాకు తెలియలేదు. ఉన్నట్టుండి ఆయన పుట్టిన రోజున కురిసిన వాన సంగతి చెబుతోంది. మా ఇంటాయన అరుగు మీద నుంచి లేచి లోపలికొచ్చి, తల్లి పక్కన నేలమీద కూర్చున్నాడు.

నేను ఆమె చేతిలోని పోగు జారిపోకుండా పట్టుకున్నాను. ఏడుపు అయ్యేదాకా అలాగే పట్టుకుని కూర్చున్నాను.